‘వియర్డ్’ అంటే వింత ఒక్కటేనా?

పాఠకుల ప్రశ్నలు – జవాబులు

ప్రశ్న: అయ్యా, స్కాట్లండ్ పల్లెల నేపథ్యంలో సాగే ఒక పాత ఇంగ్లీషు కథలో, ఒక ముసలి తల్లి తన కొడుకుతో ‘నీ వియర్డ్‌ను నువ్వు డ్రీ చేయాలి’ అనే ధోరణిలో ఒక మాట అంటుంది. నాకు తెలిసినంతలో ‘వియర్డ్’ అంటే వింతైన, విడ్డూరమైన అని అర్థం, అది విశేషణం. ఇక్కడ నామవాచకంగా ఎలా వచ్చింది? ‘డ్రీ’ అనే మాట నా దగ్గరున్న నిఘంటువులో కనిపించలేదు. వివరించగలరు.
– ఒక పాఠకురాలు, కర్నూలు

జవాబు: మీరు చదివిన వాక్యంలో ‘వియర్డ్’ నామవాచకమే. అక్కడ దానికి విధి, రాత అని అర్థం. ‘డ్రీ’ క్రియాపదం, భరించు, ఓర్చుకొను, అనుభవించు అని చెప్పుకోవచ్చు. ‘నీకు రాసిపెట్టి ఉన్నది నువ్వు అనుభవించక తప్పదు నాయనా’ అని ఆ తల్లి కొడుకుతో అంటున్నదన్నమాట. మన ‘అనుభవించు’ సుఖానికీ కష్టానికీ కూడా చెల్లుతుంది గాని, ‘డ్రీ’ మాత్రం కష్టానికే చెల్లుతుంది. ఆ ఒక్క తేడా తప్ప ఈ రెండు క్రియలూ చాలా దగ్గరివి.

వింత అనేదే అసలు అర్థమనీ, విధి అనేది ఎక్కడో మారుమూల యాసలో పుట్టిన అర్థమనీ చాలామంది అనుకుంటారు. జరిగింది దీనికి తలకిందులు. వెయ్యేళ్ళ కిందటి పాత ఇంగ్లీషులో ఈ మాట ‘విర్డ్’. అప్పుడది నామవాచకం, స్త్రీలింగం. జరిగేది, జరగవలసి ఉన్నది అని దాని అర్థం. ‘అగు’ అనే అర్థమిచ్చే ‘వెయోర్దన్’ అనే క్రియకు ఇది చుట్టం. ఆ క్రియ ఇంగ్లీషులో చచ్చిపోయింది గాని, జర్మన్ భాషలో ‘వేర్డెన్’గా నేటికీ బతికే ఉంది. ఇంకా వెనక్కి వెళితే ‘తిరుగు’ అనే అర్థమున్న ధాతువు కనిపిస్తుంది. సంస్కృతంలోని ‘వృత్’ ధాతువుకు మూలం కూడా అదే. మనం రోజూ వాడే వర్తమానం, వర్తించు, ఆవర్తనం, పరివర్తన అన్నీ ఆ ధాతువు సంతానమే.

ఈ పుట్టుక మీ ప్రశ్నకు నేరుగా అవసరం. లాటిన్ నుంచి వచ్చిన ‘ఫేట్’ అనే మాటకు మూలార్థం ‘పలకబడినది’. అంటే ఎవరో పలికారు, అది జరిగి తీరుతుంది. ‘వియర్డ్’లో అలా పలికేవాడు లేడు, రాసేవాడు లేడు, తీర్పు చెప్పేవాడు లేడు. అందులో ఉన్నది ‘కావడం’ ఒక్కటే. మన పెద్దవాళ్ళు ‘కానున్నది కాక మానదు’ అంటారే, అందులోని ‘కానున్నది’ అనే మాటే ‘వియర్డ్’కు నాకు తెలిసిన అతి దగ్గరి తెలుగు.

పాత ఇంగ్లీషు వీరగాథ ‘బేవుల్ఫ్’లో ఈ మాట ఎలా వినిపిస్తుందో చూస్తే ఇది ఇంకా తేటపడుతుంది. గ్రెండెల్ అనే రాక్షసుడు డెన్మార్క్ రాజు హ్రోత్‌గార్ కొలువుకూటం మీద రాత్రివేళ పడి మనుషులను తినిపోతుంటే, పరదేశం నుంచి వచ్చిన యువకుడు బేవుల్ఫ్ ఆ రాక్షసుణ్ణి ఒంటరిగా, వట్టి చేతులతో ఎదిరిస్తానంటాడు. పోరులో తాను పోతే తనకు అంత్యక్రియలు చేసే పని కూడా ఉండదనీ, రాక్షసుడే తినేస్తాడనీ, తన కవచం ఒక్కటి మాత్రం తమ రాజు హైగెలాక్‌కు పంపించాలనీ హ్రోత్‌గార్‌ను కోరతాడు. అది తాతల నాటి కవచం, వేలండ్ అనే దివ్యశిల్పి చేసినది. ఆ అప్పగింత ముగిసిన వెంటనే 455వ పంక్తిలో ఒక చిన్న వాక్యం: ‘విర్డ్ ఎప్పుడూ అది పోవలసిన దారినే పోతుంది.’ ఆ మాటలో ఏడుపు గాని, దేవుడికి మొర గాని లేవు. వస్తువులు ఎవరికి చేరాలో చెప్పి, కానున్నది కానిమ్మని లేచిన మనిషి మాట అది.

అయితే దీన్ని చేతులు ముడుచుకొని కూర్చునే వేదాంతంగా తీసుకుంటే పొరపాటు. అదే కావ్యంలో మరికొంత ముందుకు వెళితే, 572వ పంక్తిలో అదే వీరుడు, చావు మూడని మగవాణ్ణి అతని ధైర్యం సడలనంతవరకు విర్డ్ తరచు కాపాడుతుంది అంటాడు. ‘తరచు’ అన్నాడే గాని ‘ఎప్పుడూ’ అనలేదు. ఆ ఒక్క మాటలో ఎంత ఆలోచన ఉందో గమనించండి. మన మహాభారతం ఆనుశాసనిక పర్వంలో ధర్మరాజు భీష్ముణ్ణి దైవం గొప్పదా, పురుషకారం గొప్పదా అని అడిగినప్పుడు, భీష్ముడు పూర్వం వసిష్ఠుడికి బ్రహ్మ చెప్పిన జవాబును వినిపిస్తాడు: దైవం విత్తనం, మనిషి ప్రయత్నం పొలం, రెండూ కలిస్తేనే పంట. ఒకదానితో ఒకటి సంబంధం లేని రెండు సమాజాలు ఒకే చిక్కుముడి దగ్గర ఆగి, ఇంచుమించు ఒకే విధంగా దాన్ని విప్పుకోవడం నన్ను ఎప్పుడూ ఆకట్టుకుంటుంది.

క్రైస్తవం వచ్చాక ఈ మాట కొత్త ఇంట్లో సర్దుకోవలసి వచ్చింది. 6వ శతాబ్దపు రోమన్ పండితుడు బోయితియస్ చెరసాలలో రాసిన తత్త్వగ్రంథానికి, ఆల్ఫ్రెడ్ రాజు పేరుతో ప్రసిద్ధమైన పాత ఇంగ్లీషు అనువాదం ఒకటి ఉంది. భగవంతుడి మనసులో సంకల్పంగా ఉన్నంతవరకు దాన్ని ముందుచూపు అంటామనీ, అదే జరిగిపోయాక విర్డ్ అంటామనీ అందులో వివరించారు. ఆ మాటను నిషేధించలేదు, తిట్టలేదు; భగవంతుడి కింద దానికొక చోటు చూపించారు. ‘అగు’ అనే మూలార్థం అక్కడా చెక్కుచెదరకపోవడం గమనించదగినది.

ఆ తరువాత ఫ్రెంచి, లాటిన్ మాటలు వెల్లువలా వచ్చిపడ్డాయి. ‘డెస్టినీ’, ‘ఫేట్’, ‘ఫార్చ్యూన్’ దర్జాగా కొలువుల్లోకి, పుస్తకాల్లోకి ఎక్కాయి. 14వ శతాబ్దం చివర ఇంగ్లీషు కవి చాసర్ ఒకచోట ఈ మాటను వాడుతూ, ‘మనం డెస్టినీ అని పిలిచేదే’ అని పక్కనే అర్థం చెప్పుకోవలసి వచ్చింది. తమ ఇంటి మాటకు పొరుగింటి మాటతో అర్థం చెప్పవలసి వచ్చిందంటే, దానికి రోజులు దగ్గరపడ్డాయన్నమాట. 16వ శతాబ్దంలో హోలిన్‌షెడ్ తన చరిత్ర గ్రంథంలో స్కాట్లండ్ రాజు మాక్‌బెత్ కథ చెబుతూ ‘వియర్డ్ సిస్టర్స్’ అని రాసి, ‘అంటే విధి దేవతలు’ అని మళ్ళీ వివరించాడు. షేక్స్‌పియర్ తన నాటకానికి కథను తీసుకున్నది ఆ గ్రంథం నుంచే.

ఇక్కడే మలుపు ఉంది. షేక్స్‌పియర్ నాటకంలో ఆ ముగ్గురు అక్కచెల్లెళ్ళు ఉరుముల్లో, మెరుపుల్లో, పొగమంచులో కనిపిస్తారు. వాళ్ళు ఆడవాళ్ళో కాదో తెలియకుండా గడ్డాలుంటాయి. మాట పూర్తికాకముందే గాలిలో కలిసిపోతారు. అప్పటికే ఇంగ్లండ్‌లో ‘వియర్డ్’ అసలు అర్థం చాలామందికి తెలియదు. 1623లో అచ్చయిన షేక్స్‌పియర్ నాటకాల మొదటి సంపుటంలో ఆ మాట వర్ణక్రమం కూడా చెదిరిపోయి, కొన్నిచోట్ల ‘వేవర్డ్’ అనీ కొన్నిచోట్ల ‘వేయర్డ్’ అనీ పడింది. ‘వేవర్డ్’ అంటే మొండి, చెప్పినట్టు వినని అని వేరే అర్థం. 18వ శతాబ్దంలో లూయిస్ థియోబాల్డ్ అనే పరిష్కర్త హోలిన్‌షెడ్‌ను దగ్గర పెట్టుకొని పాఠం సరిచేసి, ‘వియర్డ్’ను తిరిగి నిలబెట్టాడు. ఆ పని చేసి ఉండకపోతే ఈ మాట బహుశా స్కాట్లండ్ యాసలోనే ఉండిపోయేది. నాటకం చదివినవాళ్ళు, చూసినవాళ్ళు ఆ అక్కచెల్లెళ్ళ వాలకాన్ని బట్టి ‘వియర్డ్’ అంటే భయం గొలిపేది, అలౌకికమైనది అని అర్థం చేసుకున్నారు. 1816లో షెల్లీ ఒక దీర్ఘకవితలో, రాత్రి తన నిశ్శబ్దంతోనే ఒక ‘వియర్డ్’ శబ్దం చేస్తుందని రాసేనాటికి ఆ కొత్త అర్థం స్థిరపడుతోంది. అక్కడి నుంచి ఒక్కొక్క మెట్టే దిగి అది నేటి ‘వింత’ దగ్గరికి వచ్చింది.

స్కాట్లండ్‌లో మాత్రం పాత అర్థం పోలేదు. అక్కడి సామెతలు రెండు చెబుతాను. ఒకటి: మగవాడు తనకు నచ్చినచోట వలచవచ్చు గాని, వియర్డ్ ఉన్నచోటే పెళ్ళాడాలి. ‘కక్కొచ్చినా కల్యాణమొచ్చినా ఆగదు’ అనుకునే మనకు ఇది కొత్త కాదు. రెండోది ఇంకా చక్కనిది: మాట వెనుకే వియర్డ్ వస్తుంది. అంటే నోట అన్నది జరిగి కూర్చుంటుందని. పిల్లలు అపశకునపు మాట అంటే ‘తథాస్తు దేవతలు తిరుగుతుంటారు, అలా అనకు’ అని మన ఇళ్ళలో గద్దించేది సరిగ్గా ఈ భావంతోనే.

వాడుక విషయం రెండు మాటల్లో చెబుతాను. ఈ రోజు మామూలు ఇంగ్లీషులో ‘అతడు తన వియర్డ్‌ను అంగీకరించాడు’ అనే ధోరణిలో రాస్తే చదివేవాళ్ళు అచ్చుతప్పు అనుకుంటారు. పాత కథల్లో, సామెతల్లో, స్కాచ్ పలుకుబడిలో మాత్రమే ఆ అర్థం చెల్లుతుంది. విధి అనే అర్థం నొక్కి చెప్పదలచిన ఆధునిక రచయితలు కొందరు, పాత పద్ధతిలో మధ్యన ‘వై’ అక్షరం పెట్టి రాస్తారు. అలా కనిపిస్తే అది వింత కాదు, విధి అని గుర్తుపట్టండి. విశేషణం రాసేటప్పుడు ‘ఈ’ ముందు, ‘ఐ’ తరువాత. పరీక్షల్లో ఎక్కువమంది తడబడేది ఇక్కడే.

ప్రశ్న: డిగ్రీ విద్యార్థులకు మాక్‌బెత్ నాటకం చెబుతుంటాను. ఆ ముగ్గురిని తెలుగులో ‘మంత్రగత్తెలు’ అని చెప్పడం అలవాటు. అది సరైన మాటేనా? విధి, దైవం, కర్మ, రాత, ప్రాప్తం – ఇన్ని మాటల్లో ‘వియర్డ్’కు ఏది తగినది?
– ఒక అధ్యాపకుడు, ఏలూరు

జవాబు: రంగసూచనల్లో వాళ్ళను మంత్రగత్తెలనే అన్నారు కాబట్టి మీరు చెబుతున్నది తప్పు కాదు. అయితే మాక్‌బెత్ తన భార్యకు రాసిన ఉత్తరంలో ‘వియర్డ్ సిస్టర్స్’ అన్నప్పుడు దాన్ని కూడా ‘మంత్రగత్తెలు’ అనేస్తే నాటకం బరువు సగం జారిపోతుంది. మంత్రగత్తె చేతబడి చేస్తుంది, అంటే ఒకరి జీవితంలో జరగనిదాన్ని జరిపిస్తుంది. వీళ్ళు మాక్‌బెత్‌కు ఏమీ చేయరు. మూడు పేర్లతో పిలుస్తారు, అంతే. గ్లామిస్ ప్రభువు అనేది అతడికి ముందే ఉన్నది. కాడర్ ప్రభువు అనేది రాజు అప్పుడే ఇచ్చేశాడు, అతడి చెవిన ఇంకా పడలేదు. రాజు అనేది కాబోయేది. అయినది, అవుతున్నది, కానున్నది – ఈ మూడింటినీ వరసగా పలికి వాళ్ళు మాయమవుతారు. కత్తి పట్టుకున్నది మాక్‌బెత్ చెయ్యే.

ఈ మూడు కాలాల వరస చూస్తే ఉత్తర ఐరోపా పురాణాల్లోని ముగ్గురు విధి కన్యలు గుర్తుకు రాక మానరు. షేక్స్‌పియర్‌కు వాళ్ళు తెలుసునని నేను అనడం లేదు. ‘వియర్డ్’ అనే మాటకు వాళ్ళతో రక్తసంబంధం ఉంది. ఐస్‌లాండ్‌లో 13వ శతాబ్దంలో గ్రంథస్థమైన పాత పద్యాల్లో వాళ్ళ పేర్లు ఉర్ద్, వెర్దాండి, స్కుల్డ్. లోకవృక్షం మొదట్లో ఉన్న బావి దగ్గర వాళ్ళుంటారు. మొదటి పేరు ‘విర్డ్’కు తోబుట్టువు. రెండో దానికి ‘అవుతున్నది’ అని అర్థం. మూడోది అప్పు, చెల్లించవలసినది. ఇంగ్లీషు ‘షల్’ కూడా ఆ కుటుంబానిదే. మనవాళ్ళు అనుకోని చుట్టరికాలన్నిటినీ ‘ఋణానుబంధం’ అని ఒక్క మాటతో తేల్చేస్తారు; భవిష్యత్తును బాకీగా చూడటం మనకూ సహజమే. పైగా ఆ కన్యలు చెక్కముక్కల మీద గీసేవాళ్ళని ఆ పద్యం చెబుతుంది. బిడ్డ పుట్టినప్పుడు వచ్చి ఆయుర్దాయం నిర్ణయిస్తారని కూడా ఆ సంప్రదాయంలో ఉంది. నుదుట గీత, నుదుటి రాత అనే మాటలతో పెరిగిన మన విద్యార్థులకు ఇది చెబితే క్షణంలో అందుతుంది.

అందువల్ల నాటకం సంభాషణల్లో ‘విధి సోదరులు’ అనడం నాకు రుచించదు, అది మగవాళ్ళను గూడా సూచిస్తుంది. ‘విధి దేవతలు’ అనండి, లేదా ‘రాత చెప్పే అక్కచెల్లెళ్ళు’ అనండి. ‘రాత రాసే’ అనవద్దు. వాళ్ళు చెబుతారు, అంతే.

మిగిలిన మాటల్లో ‘కర్మ’ను పూర్తిగా పక్కన పెట్టండి. మనం చేసినదాని ఫలం మనకు తిరిగి రావడం కర్మ. అందులో లెక్క ఉంది, న్యాయం ఉంది. ‘వియర్డ్’లో ఆ లెక్క లేదు, మంచివాడికీ చెడ్డవాడికీ అది ఒకేలా వస్తుంది. ‘దైవం’ అంటే వెనుక ఒక సంకల్పం ఉందనిపిస్తుంది. ‘ప్రాప్తం’ బాగానే ఉంటుంది గాని, మన వాడుకలో అది ఎక్కువగా దక్కడం, దక్కకపోవడం దగ్గరే ఆగుతుంది. ‘ఆ తిండి తినే ప్రాప్తం లేదు’ అంటాం చూడండి. చివరికి మిగిలేవి ‘విధి’, ‘రాత’, ‘కానున్నది’. గంభీరమైన సందర్భానికి విధి, ముసలమ్మ నోటి మాటకు రాత, బేవుల్ఫ్ వాక్యానికి కానున్నది. ఒకే ఇంగ్లీషు మాటకు మూడుచోట్ల మూడు తెలుగు మాటలు వాడటం అనువాదంలో దోషం కాదు.

ప్రశ్న: ఎడిన్‌బరోలో ఉంటున్నాను. నా పక్కింటి పెద్దావిడ తన చనిపోయిన అన్నగారి ఆఖరి రోజుల గురించి చెబుతూ ‘ఆయన అప్పుడు ఫే గా ఉన్నాడు’ అంది. ‘ఫే’ అంటే దేవకన్యలా నాజూగ్గా ఉండటం అని ఒక చోట చదివాను. చావు సందర్భంలో అది పొసగలేదు.
– ఒక పాఠకుడు, ఎడిన్‌బరో

జవాబు: ఆవిడ వాడినది పాత, అసలైన అర్థం. ‘ఫే’ అంటే చావు మూడినవాడు, మృత్యువు పేరు పెట్టి పిలిచినవాడు. పాత ఇంగ్లీషులో ఇది ‘ఫేయె’. మొదటి జవాబులో నేను చెప్పిన ‘బేవుల్ఫ్’ 572వ పంక్తిలో ‘చావు మూడని మగవాడు’ అన్నచోట మూలంలో ఉన్నది దీని వ్యతిరేకపదమే. కాబట్టి వియర్డ్, ఫే రెండూ ఆ ఒక్క వాక్యంలో పక్కపక్కనే కూర్చున్నాయి. జర్మన్‌లో దీని తోబుట్టువు ‘ఫైగ్’. అది దారి తప్పి ఇప్పుడు పిరికివాడు అనే అర్థంలో ఉంది.

స్కాట్లండ్‌లో ఈ మాటకు ఒక విశేషం ఉంది. ఎప్పుడూ ముభావంగా ఉండే మనిషి ఉన్నట్టుండి గలగలా నవ్వుతూ, లేని హుషారు తెచ్చుకొని, దుడుకు పనులకు దిగితే, అతడికి చావు దగ్గరపడిందని అక్కడి పాతవాళ్ళు నమ్ముతారు. ఆ అసహజమైన ఉత్సాహమే ‘ఫే’ లక్షణం. ఆవిడ తన అన్నగారిలో చూసింది బహుశా అదే అయి ఉండాలి.

తెలుగులో దీనికి వెతుక్కోనక్కరలేదు. ‘పోగాలం దాపురించిన’ అనే పలుకుబడి ఉండనే ఉంది. చిన్నయసూరి నీతిచంద్రికలో, పోగాలము దాపురించినవారు ఆరిన దీపపు వాసన మూర్కొనరని, అరుంధతిని కనరని, మిత్రుల మాట వినరని చెప్పిన వాక్యం బడిలో కంఠస్థం చేసినవాళ్ళు చాలామందే ఉంటారు. అయితే మన పలుకుబడిలో హెచ్చరికో కోపమో తొంగిచూస్తుంది. ‘వాడికి పోగాలం వచ్చింది’ అంటే తిట్టే. స్కాచ్ ‘ఫే’లో కోపం లేదు, జాలి ఉంది. పక్కింటావిడతో మాట్లాడేటప్పుడు మాత్రం ఆ మాటను తిరిగి మీరు వాడకండి. పోయినవాళ్ళ గురించి అయినవాళ్ళు అనవలసిన మాట అది.

ఇక మీరు చదివిన దేవకన్య అర్థం వేరే మాట నుంచి వచ్చి కలిసింది. ‘ఫేయరీ’కి చుట్టమైన ‘ఫే’ అనే మాట ఫ్రెంచి నుంచి వచ్చింది. వర్ణక్రమం కొద్దిగా తేడా, ఉచ్చారణ ఒకటే. దాని మూలం లాటిన్‌లోని విధి దేవతల పేరు ‘ఫాతా’. రెండు మాటలూ విధి నుంచే బయలుదేరాయి, రెండు వేరు వేరు భాషల దారుల్లో వచ్చి, ఇంగ్లీషులో ఒకే ధ్వని దగ్గర కలిసి ఒకదాని అర్థం మరొకదానికి అంటించుకున్నాయి. నేటి పత్రికల్లో కనిపించే ‘ఫే’ ఎక్కువగా ఈ రెండో అర్థంలోనే, అంటే ఈ లోకంలో లేనట్టుండే, సుకుమారమైన అనే అర్థంలోనే ఉంటుంది.

ప్రశ్న: ఇంగ్లీషు పత్రికల్లో ‘కిస్మెట్’ అనే మాట చూశాను. మా హైదరాబాదు ‘కిస్మత్’ అదేనా?
– ఒక పాఠకుడు, హైదరాబాదు

జవాబు: అదే. అరబీలో ‘పంచు’ అనే అర్థమున్న ధాతువు నుంచి పుట్టి, తుర్కీ భాష మీదుగా 19వ శతాబ్దంలో ఇంగ్లీషులో చేరింది. మీకు తెలిసిన ‘తక్సీం’, అంటే పంపకం, అదే ధాతువు నుంచి వచ్చింది. కిస్మత్ అంటే మన వంతుకు వచ్చినది. గ్రీకుల ‘మోయిరా’కూ వాటా అనే అర్థం, ‘భాగ్యం’లో ఉన్నదీ భాగమే. అచ్చ తెలుగులో వాటాను ‘పాలు’ అంటాం. ‘వాడి పాలిటి శని’, ‘ఇల్లు అప్పులపాలైంది’ అనేటప్పుడు మనకు తెలియకుండానే విధిని వంతుగా చెబుతున్నాం. వియర్డ్ ఈ గుంపులోది కాదు. అందులో పంచేవాడు లేడు.

వాడుకలో ఒక్క తేడా గుర్తుంచుకోండి. ‘ఆయన కిస్మత్ బాగుంది’ అని మనం అదృష్టం అనే అర్థంలో అంటాం. ఇంగ్లీషు ‘కిస్మెట్’ను అలా బాగుంది, బాగాలేదు అని కొలవరు, ఇద్దరు అనుకోకుండా కలిసినప్పుడో, ఒకే ఊళ్ళో ఒకే రోజు తారసపడినప్పుడో ‘ఇది కిస్మెట్’ అని ఊరుకుంటారు.